విషయం: మెట్ల రెయిలింగు తొలగింపు గురించి

జూన్ 3

చిరంజీవి స్కేలుబద్దకు బాబాయి ఆశీర్వదించి రాయునది.

ఇక్కడ నేను, నా మోకాలు, గోడ గడియారం క్షేమం. ముగ్గురిలో సక్రమంగా నడుస్తున్నది గడియారం ఒక్కటే. నువ్వు మాటిమాటికీ ఫోను చేయమంటావు. ఫోనులో అన్న మాటకు ఇన్‌వర్డు నంబరు ఉండదు. రేపు నువ్వు అనలేదంటే నా దగ్గర ఆధారమేదీ? పైగా నా కుడిచెవి రెండేళ్ల కిందటే పదవీ విరమణ చేసింది. కనుక ఉత్తరమే.

విషయానికి వస్తాను. మీ నాన్న నలభై ఏళ్ల కిందట కట్టిన నగర గ్రంథాలయాన్ని పడగొట్టి, ఆ స్థలంలో కార్లు నిలుపుకోవడానికి ఐదంతస్తుల కట్టడం లేపాలని పురపాలక సంఘం తీర్మానించింది. ఊళ్లో చదివేవాళ్లకన్నా కార్లు ఎక్కువయ్యాయని నివేదికలో రాశారు. ఆ సంఘం ఇంజినీరింగు శాఖలోనే ముప్పై నాలుగేళ్లు పనిచేసినవాణ్ని కనుక, తప్పు పట్టాలని శ్రద్ధగా చదివాను. పట్టలేకపోయాను. నిజమే రాశారు.

ఇంతలో పాత కట్టడాల పరిరక్షణ కమిటీ అడ్డుపడింది. కాంక్రీటుకు సున్నం, రంగు, సిగ్గు ఏవీ పూయకుండా కాంక్రీటులాగే నిలబెట్టిన మొట్టమొదటి ఆర్కిటెక్టు మీ నాన్న అనీ, ఆ గ్రంథాలయం పోతే ఒక కాలమే పోయినట్టనీ వారి వాదన. కమిటీలో ముగ్గురు. అధ్యక్షురాలికి పెద్ద కళ్లజోడు ఉంది. మిగతా ఇద్దరూ ఆ కళ్లజోడు ఎటు తిరిగితే అటు చూస్తారు.

కట్టడాన్ని కాపాడతామన్నారు, అయితే ఒక షరతు. అది “నిర్మాత ఉద్దేశించిన అసలు రూపం”లో ఉండాలట. తరువాత వచ్చి చేరినవన్నీ తీసేయాలట. అందుకు నిర్మాత వారసులు సంతకం పెట్టాలట. వారసులంటే నువ్వొక్కదానివే.

అలా చేరినవి మూడని తేల్చారు. పడమటి కిటికీల మీద రేకులు, కప్పు కారే చోట వేసిన తూము, నడిమి మెట్లకు కుడిపక్క ఇనప రెయిలింగు. మొదటి రెండూ నిక్షేపంగా తీసేయవచ్చు. మూడోదాన్ని మాత్రం ఉంచమని నువ్వు ఒక ముక్క రాసి పంపాలని కోరుతున్నాను. కారణాలు అవసరమైన పక్షంలో తరువాత సమర్పించగలను.

వేళకు తిను.

ఇట్లు,
బాబాయి

జతపరచినది: కమిటీ ఫారం ఒకటి. దీనిపై ఇప్పుడే సంతకం చేయవద్దు.


జూన్ 17

ఫైలు బాబాయ్,

నీ ఉత్తరంలో తేదీ ఉంది, విషయం ఉంది, షరతు ఉంది, జతపరచినది కూడా ఉంది. ప్రేమ కూడా ఎక్కడో జతపరచే ఉంటావని కవరు దులిపి చూశాను. నీ టేబులు మీది గుండుసూది ఒకటి రాలింది. అదే అనుకుని దాచుకున్నాను.

ఆలస్యానికి క్షమించు. పాలిటెక్నిక్‌లో పరీక్షలు. నూట నలభై మంది పిల్లలు ఒకే మెట్లదారిని నూట నలభై రకాలుగా గీశారు. అందులో తొమ్మిదింటి మీద మనిషి ఎక్కగలడు.

బాబాయ్, గ్రంథాలయం ఉంటుందని తెలిశాక నాకు ఏడుపొచ్చింది. నాన్న పోయి ఎనిమిదేళ్లు. ఆయన కట్టినవి పదకొండు. తొమ్మిదింటిని కూలగొట్టారు, పదోదానికి పాలరాయి అతికించి పెళ్లికూతుర్ని చేశారు. మిగిలింది ఇదొక్కటే. ప్రారంభోత్సవం రోజు మేయరు గోడ నిమిరి, “అంతా బావుందండీ, ప్లాస్టరింగు ఎప్పుడు మొదలుపెడతారు?” అన్నాడని నువ్వే కదా చెప్పేవాడివి. “ఎప్పుడూ పెట్టం” అని నాన్న జవాబు. మేయరు దాన్ని హాస్యం అనుకుని చప్పట్లు కొట్టాడట.

ఇక రెయిలింగు మాట. నీకు కోపం రాకుండా ఎలా చెప్పాలో తెలియదు, కాబట్టి వచ్చేలాగే చెబుతాను. ఆ గొట్టం పోవాల్సిందే. రెండు పక్కలా గోడ లేకుండా, పట్టుకునేది ఏదీ లేకుండా, గాలిలో వేలాడే ఆ ముప్పైరెండు మెట్లే నాన్న. పుస్తకాల్లో వేసేది ఆ ఫొటోనే. “కట్టడం మనిషి చెయ్యి పట్టుకోకూడదు. వెలుతురిచ్చి పక్కకు తప్పుకోవాలి” అని ఆయన రాసిన వాక్యాన్ని మా తరగతి గోడమీద నేనే అంటించాను. దాని కింద నిలబడి, పట్టుకోవడానికి గొట్టం కావాలని ఎలా రాయను?

ఆ గొట్టం దగ్గరే కదా మీ అన్నదమ్ముల మాటలు ఆగిపోయింది. అది పోతే ఆ గొడవ కూడా పోయినట్టే అనుకుందాం. ఫారం నా దగ్గరే ఉంది. నీ జవాబు వచ్చేదాకా సంతకం పెట్టను.

మోకాలికి నూనె రాస్తున్నావా?

నీ
స్కేలు


జూన్ 29

చిరంజీవి స్కేలుబద్దకు ఆశీస్సులు.

ప్రేమను జతపరచే పద్ధతి మా శాఖలో లేదు. నిలువ ఉంచే పద్ధతి మాత్రం ఉంది. గుండుసూది తిరిగి పంపనక్కరలేదు.

నిన్న కమిటీవారు మెట్లు తనిఖీ చేశారు. నన్నూ పిలిచారు. కళ్లజోడు అధ్యక్షురాలు రెయిలింగు అడుగున వేలు పెట్టి తడిమింది. అక్కడక్కడా గాట్లు తగిలాయి.

“ఇదేంటండీ, ఎలకలు గానీ కొరికాయా?” అంది.

సభ్యులిద్దరూ ఆమె నవ్వినంతసేపూ నవ్వారు. “మునిసిపాలిటీ పనులు ఇలాగే ఉంటాయండీ” అన్నాడొకాయన. అక్కడ మునిసిపాలిటీ అంటే నేనే కనుక మునిసిపాలిటీ తరఫున నమస్కారం పెట్టాను.

తరువాత కమిటీవారు మీ నాన్న చివరి బొమ్మల గురించి మాట్లాడుకున్నారు. వాటిలో గీతలు కాగితం చిరిగిపోయేంత గట్టిగా పడ్డాయి కదా, దానిమీద అధ్యక్షురాలు ఒక వ్యాసమే రాసిందట. “చివరి దశలో ఆయన గీతకు వచ్చిన దృఢసంకల్పం” అని పేరు. నేను విని తల ఊపాను. వయసు మీరినవాడి తల దానంతటదే ఊగుతుంది, అంగీకారం అనుకోనక్కరలేదు.

రెయిలింగుకు కారణాలు సమర్పిస్తానన్నాను. మెట్ల పక్కన తొంభై సెంటీమీటర్ల ఎత్తున పట్టుకునే ఆధారం ఉండాలని భవన నియమాల్లో స్పష్టంగా ఉంది. పిల్లలు వస్తారు, ముసలివాళ్లు వస్తారు. నేనే ముసలివాణ్ని, నిన్న దాన్ని పట్టుకునే ఎక్కాను. ఇవి చాలవా?

అభ్యంతరాన్ని మూడు నకళ్లతో కమిటీకి సమర్పించాను. ఆధారం లేని అభ్యంతరం అభిప్రాయం అవుతుంది, అభిప్రాయాలను ఏ కార్యాలయమూ చదవదు. అందుచేత పంతొమ్మిదేళ్ల కిందటి కొలతల పుస్తకంలో ఆ రెయిలింగు నమోదైన పేజీకి నకలు తీసి జతపరిచాను. పొడవు, మందం, బిగించిన బోల్టులు అన్నీ అందులో ఉన్నాయి. అంత పకడ్బందీ రికార్డును కాదనగల కమిటీ ఇంకా పుట్టలేదు.

నువ్వు కూడా తొందరపడవు కదా.

ఇట్లు,
బాబాయి


జూలై 11

బాబాయి గారికి,

మీరు జతపరచిన పేజీని కమిటీవారు నాకు కూడా పంపారు. మీ దస్తూరీ ఈనాటికీ ముత్యాలే. “పై అధికారుల అనుమతి లేకుండా, ఆర్కిటెక్టుకు తెలియకుండా, నా సొంత నిర్ణయంపై బిగించడమైనది.” కింద మీ సంతకం. మీ అభ్యంతరం వల్లనే రెయిలింగు తరువాత వచ్చిందని తిరుగులేకుండా రుజువైందనీ, అందుకు మీకు కృతజ్ఞతలనీ అధ్యక్షురాలు రాసింది. మీకూ ఒక ప్రతి వచ్చే ఉంటుంది.

దానితోపాటు నాన్న అప్పట్లో కమిషనరుకు ఇచ్చిన ఫిర్యాదు కూడా పంపారు. “ఈ గొట్టం నా మెట్లకు పట్టిన తుప్పు. దీనిని బిగించిన ఉద్యోగి నా సోదరుడు కావడం నా దురదృష్టమే తప్ప అతనికి మినహాయింపు కాదు.” మీకు షోకాజు నోటీసు వచ్చిందనీ, ఇంక్రిమెంటు ఆగిందనీ నాకు తెలుసు. ఇంత కఠినమైన మాటలు పడ్డారని తెలియదు. తెలిశాక కూడా జాలి కలగనందుకు నా మీద నాకే విసుగ్గా ఉంది.

ఒక్క మాట అడుగుతాను. మీ అన్నగారి పేరు పుస్తకాల్లో ఉంది. మీ పేరు ఎక్కడా లేదు, ఆ గొట్టం మీద తప్ప. అందుకేనా ఇంత పట్టుదల?

నాన్న పోయిన రోజు మీరు గేటు దగ్గరే నిలబడ్డారు. లోపలికి రాలేదు. నేను చూశాను. పోయినవాడి మీద కూడా ఇంత కోపమా అనుకున్నాను.

నేను ఆయన్ని వెనకేసుకు రావడం లేదు. ఆయన సంగతి నాకు బాగా తెలుసు. అమ్మకు చూపు పోయిందన్న సంగతి ఆసుపత్రిలో డాక్టరు చెప్పేదాకా నాకూ తెలియదు. నేను దూరంగా ఉన్నాను, నాకు ఆ సాకైనా ఉంది. నాన్న అమ్మ పక్కనే, అదే ఇంట్లో, అదే గదిలో ఉన్నారు. “మూడేళ్లుగా ఈమెకు ఏమీ కనపడదు” అని డాక్టరు అంటే నాన్న “అలాగా” అన్నారు. అంతే. వర్షం పడుతోందంటే అన్నట్టు. ఆయనకు వెలుతురు కనిపించింది, గోడ కనిపించింది, పక్కన ఉన్న మనిషి కనిపించలేదు. ఆ రోజు నుంచి ఆయన్ని క్షమించే దారి వెతుకుతున్నాను. కట్టడం తప్ప ఇంకేమీ లేని మనిషి కనుక, ఆ కట్టడమైనా నిఖార్సుగా మిగలాలి. అది కూడా మిగలకపోతే మా అమ్మ దేనికోసం గుడ్డిగా బతికినట్టు?

ఫారం మీద ఈ రోజు పొద్దున సంతకం చేసి పంపాను. ఆగస్టు అయిదున పని మొదలుపెడతారట.

నమస్కారాలతో.


జూలై 22

(రిజిస్టర్డ్, రసీదు కోరబడినది)

చిరంజీవి స్కేలుబద్దకు,

నువ్వు ‘గారికి’ అని రాశావు. ఆ అక్షరాల్ని చాలాసేపు చూశాను. యాభై ఏళ్లలో మొదటిసారి కనుక నమోదు చేసుకున్నాను.

ఇద్దరికిచ్చిన మాట తప్పి ఈ ఉత్తరం రాస్తున్నాను. మాట తీసుకున్నవారిద్దరూ లేరు కనుక అనుమతి ఎవరిని అడగాలో తెలియలేదు.

మీ అమ్మ గ్రంథాలయంలో కార్డులు రాసే ఉద్యోగి అని నీకు తెలుసు. ఆమె చూపు ఒక్కసారిగా పోలేదు. అంచుల నుంచి మూసుకుంటూ వచ్చింది. సన్నటి గొట్టంలోంచి లోకాన్ని చూసినట్టు ఉంటుందని నాతో ఒకసారి అంది. ఎదుట ఉన్న కార్డు కనిపిస్తుంది, కాలి కింది మెట్టు కనిపించదు. సంగతి బయటపడితే ఉద్యోగం పోతుంది, అది ఒక భయం. రెండోది పెద్ద భయం. “మీ అన్నయ్యకు చెప్పకు. గీసిన ప్రతి బొమ్మా సాయంత్రం నాకు చూపిస్తాడు. నాకు కనపడదని తెలిస్తే చూపించడం మానేస్తాడు. అప్పుడు మా ఇద్దరికీ మాట్లాడుకోవడానికి ఏం మిగుల్తుంది?” అంది. చెప్పనని మాటిచ్చాను.

నాలుగు రోజుల తరువాత మీ నాన్న నా ఆఫీసుకు వచ్చాడు. ఆయన ఏ ఆఫీసుకూ పిలవకుండా వచ్చిన మనిషి కాదు. కుర్చీ చూపిస్తే కూర్చోలేదు.

“ఒరేయ్, నా మెట్లు పాడుచెయ్యాలి” అన్నాడు.

ఆ పొద్దున చదువుకునే బల్ల దగ్గర కూర్చుని ఏదో గీసుకుంటున్నాడట. మీ అమ్మ మెట్లు దిగుతోంది. సరిగ్గా మధ్యలో, పెదవులు కదుపుతూ లెక్కపెట్టుకుంటూ దిగుతోంది. చివర ఎక్కడో లెక్క తప్పింది. మెట్లు అయిపోయాక కూడా లేని మెట్టు కోసం కాలు కిందికి చాపింది. తూలింది. ఎవరైనా చూశారేమోనని చుట్టూ చూసి, చీర సవరించుకుని, నవ్వుమొహం పెట్టుకుని వెళ్లిపోయిందట.

“నేను చూస్తూనే ఉన్నానురా. పది అడుగుల దూరంలో ఉన్నాను. తను చుట్టూ చూసినప్పుడు నా మీదుగా కూడా చూసింది. నేను కనపడలేదు” అన్నాడు.

నేను మీ అమ్మకిచ్చిన మాటకు కట్టుబడి ఆశ్చర్యం నటించాను.

“తనకి చెప్పకు. తన కోసం నా మెట్లకు గొట్టం పెట్టానంటే తట్టుకోలేదు. పైగా ఎందుకు పెట్టారని జనం అడుగుతారు, అడిగితే తన ఉద్యోగం పోతుంది. నువ్వు పెట్టావని రాసెయ్యి. నేను నీ మీద ఫిర్యాదు చేస్తాను” అన్నాడు.

నువ్వు చదివిన ఆ ఫిర్యాదు నేను రాసిచ్చిందే. మీ నాన్నకు ఆఫీసు భాష రాదు, మొదట “మా తమ్ముడు కొంచెం తొందరపడ్డాడు” అని రాసుకొచ్చాడు. అలా రాస్తే ఏ కమిషనరూ నమ్మడన్నాను. ‘తుప్పు’ అన్న మాట నాదే. నా మీద నేను రాసుకున్న వాటిలో అంత బాగా వచ్చింది మరొకటి లేదు.

గాట్లు ఎలకలు కొరికినవి కావు. రెండు ఆదివారాలు, గ్రంథాలయం మూసి ఉండగా, మీ నాన్న మెట్ల మీద వెల్లకిలా పడుకుని ఆకురాయితో గీశాడు. ల్యాండింగుకు, అదే మెట్లు ఆగే చదునుకు, మూడు మెట్ల ముందు మూడు గాట్లు. తరువాతి మెట్టుకు రెండు. ఆఖరి మెట్టుకు ఒకటి. పైన గీస్తే అందరికీ కనపడతాయని అడుగున గీశాడు. మీ అమ్మ అయిదేళ్లు వాటిని వేలితో చదువుకుంటూ ఎక్కి దిగి, దర్జాగా పదవీ విరమణ చేసింది. ఆ గాట్లు నేను పెట్టాననుకుని నాకు రెండు చొక్కాలు కుట్టించి ఇచ్చింది. తీసుకున్నాను. వద్దంటే ఎందుకు వద్దో చెప్పాలి.

గొడవపడినవాళ్లం కనుక తగినట్టుగా ఉండాలి కదా. పదకొండేళ్లు నలుగురిలో పలకరించుకోలేదు. మీ అమ్మ పోయాక, ఇక ఆపేద్దామన్నాను. “ఇప్పుడు ఆపితే ఎందుకు మొదలైందో చెప్పాలిరా” అన్నాడు. ఆయన కూడా పోయిన రోజు ఎక్కడ నిలబడాలో నాకు తెలియలేదు. తమ్ముడిగా లోపలికి వస్తే రికార్డు తప్పవుతుంది. మాటల్లేని తమ్ముడు ఎక్కడ నిలబడతాడో అక్కడ నిలబడ్డాను.

‘అలాగా’ అన్నాడని రాశావు. ఆ ఒక్క మాట అలా అనడానికి ఆయన తొమ్మిదేళ్లు సాధన చేశాడమ్మా. డాక్టరు చెప్పేటప్పుడు మీ అమ్మకు మెలకువగానే ఉంది. తనకు ముందే తెలుసునని ఆమె ముందు ఎలా ఒప్పుకుంటాడు?

ఇంకొకటి. కనపడకపోయినా చివరిదాకా బొమ్మలు చూపించాడు. గీత వేలికి తగలాలని పెన్నును నొక్కి నొక్కి గీశాడు. దృఢసంకల్పం అదీ.

వెంటనే సంతకం వెనక్కి తీసుకో. అయిదో తేదీకి ఇంకా పద్నాలుగు రోజులున్నాయి. దారిలో పోకూడదని రిజిస్టర్డులో పంపుతున్నాను.

ఇట్లు,
బాబాయి


ఆగస్టు 1

బాబాయ్,

ఉత్తరం మా పాలిటెక్నిక్‌కు ఇరవై ఆరున వచ్చింది. రిజిస్టర్డు కనుక ప్రిన్సిపాల్ గారి సంతకం లేనిదే ఇవ్వమన్నారు. ఆయన ఊళ్లో లేడు. ఇరవై తొమ్మిది సాయంత్రం నా చేతికొచ్చింది. వరండాలో నిలబడే చదివి, ఆఫీసు ఫోను నుంచి కమిటీకి చేశాను. కళ్లజోడు ఆవిడే ఎత్తింది. చాలా సంతోషంగా ఉంది. కాంట్రాక్టరు ఖాళీగా దొరికాడట, ముందే మొదలుపెట్టేశారట. “ఇవాళ మధ్యాహ్నానికే క్లీన్‌గా కోసేశారండీ, అసలు జాడే లేదు. మీ నాన్నగారు చూస్తే ఎంత మురిసిపోయేవారో!” అంది.

నేను “అలాగా” అన్నాను.

నువ్వు ఫోను చేసి ఉంటే అని నేను అనను. నేను సంతకం చేసే ముందు ఒక్కసారి నిన్ను కూర్చోబెట్టి అడిగి ఉంటే అని కూడా ఎవరూ అనకుండా ఉంటే బావుండు.

ఆ ముక్కలు ఎక్కడికి తీసుకెళ్లారో ఆవిడకు తెలియదట. నీకేమైనా తెలుస్తుందా?

బాబాయ్, ఒక్కటి చెప్పు. అమ్మకు నిజంగా తెలియదా? నాన్న చేశాడని తెలియకుండానే పోయిందా? నేను అన్నీ భరించగలను గానీ ఇది ఎలా భరించాలో తెలియడం లేదు.

‘గారు’ అన్నందుకు నన్ను కొట్టు.

స్కేలు


ఆగస్టు 20

చిరంజీవి స్కేలుబద్దకు ఆశీస్సులు.

ఫోను చేయకపోవడం నా తప్పు. కొలతల పుస్తకం జతపరచడం నా తప్పు. అబద్ధాన్ని అంత అందమైన దస్తూరీతో రాయడం అన్నిటికన్నా పెద్ద తప్పు. మూడింటినీ ఒప్పుకుంటున్నాను. నిన్ను కొట్టే విషయం పరిశీలనలో ఉంది.

పదిహేనున గ్రంథాలయాన్ని పరిరక్షించే కట్టడాల జాబితాలో చేర్చిన సందర్భంగా సభ జరిగింది. నేను వెళ్లాను. మీ నాన్న వాక్యాన్ని ఇత్తడి పలకమీద చెక్కించి గోడకు బిగించారు. కమిటీ షరతు ప్రకారం చూస్తే ఆ పలక కూడా తరువాత చేరినదే, కానీ ఎవరూ అభ్యంతరం చెప్పలేదు. మెట్లు చూడముచ్చటగా ఉన్నాయి. గాలిలో తేలుతున్నట్టే ఉన్నాయి. వాటి ముందు అడ్డంగా ఎర్రతాడు కట్టి, ఒక బోర్డు పెట్టారు. మాట పోకుండా ఎత్తి రాసుకున్నాను.

“ఈ మెట్లు నిర్మాత ఉద్దేశించిన అసలు రూపంలో పరిరక్షించబడినవి. ప్రమాదకరం. ఎక్కరాదు. వెనకవైపు లిఫ్టు కలదు.”

లిఫ్టులోనే పైకి వెళ్లాను. మోకాలికి సుఖంగానే ఉంది.

ముక్కల సంగతి. ఆచూకీ తీయగా రైలు గేటు అవతల పాత ఇనుము కొట్టులో ఉన్నట్టు తేలింది. కొట్టువాడికి నా పాత గుర్తింపు కార్డు చూపించి, ఒక రెయిలింగు కావాలన్నాను.

“ఏ రెయిలింగు పెద్దాయనా? చూడు, అయిదొందల గొట్టాలున్నాయి. నీది ఏ రంగు?”

రంగు నాకు గుర్తులేదు. ఎండలో అన్నీ ఒకేలా ఉన్నాయి. గాట్లు అడుగున ఉన్నాయి, అడుగు ఏదో పైన ఏదో గొట్టానికి తెలియదు. చివరకు కళ్లు మూసుకుని ఒక్కోదాన్నీ తడుముకుంటూ పోయాను. అలా వేలికి తొందరగా తెలుస్తుంది. మీ అమ్మ చెప్పేది.

కొట్టువాడు దగ్గరికొచ్చి మెల్లిగా అడిగాడు, “కళ్లు కనపడవా?”

కనపడవన్నాను. వివరణ ఇవ్వడంకన్నా అది తేలిక. పాపం మంచివాడు, చెయ్యి పట్టుకుని గుట్ట చుట్టూ తిప్పాడు.

రెండు పూటలు పట్టింది. ఒక్క ముక్క దొరికింది, మూరెడున్నర ఉంటుంది. చివరి మూడు మెట్లది. మిగతావి అప్పటికే కొలిమికి వెళ్లిపోయాయి. గోనెగుడ్డలో చుట్టి పార్శిలు చేశాను.

మీ అమ్మకు తెలుసా అని అడిగావు. నాకు తెలిసింది ఇంతే. పదవీ విరమణ రోజు ఆఖరిసారి దిగుతూ ల్యాండింగులో ఆగింది. నేను పక్కన ఉన్నాను. గొట్టం కిందకు వేలు పోనిచ్చి, “అయినా నీకు ఇంత ఓపికగా ఆకురాయి పట్టడం ఎప్పుడొచ్చిందోయ్?” అంది.

“శాఖ నేర్పింది వదినా” అన్నాను.

“ఓహో” అంది. నవ్వింది. ఆ నవ్వును ఏ ఫైలులో పెట్టాలో పద్నాలుగేళ్లుగా తేలలేదు. తేలనిది తేలినట్టు రాయడం ఒకసారి చేసి చూశాను, ఇక చేయను.

నీ గది మెట్లకు రెయిలింగు ఉందా? చూసుకో.

ఇట్లు,
బాబాయి


సెప్టెంబరు 4

బాబాయ్,

సూచిక: నీ పార్శిలు. విషయం: అందినట్టు తెలియజేయడం. ఇంతవరకు నీ పద్ధతి. ఇక నాకు రాదు.

ఆదివారం పొద్దున గోనెగుడ్డ విప్పాను. కళ్లు మూసుకుని తడిమాను. మూడు. రెండు. ఒకటి. ఆ తరువాత గ్యాస్ కట్టరు కోసిన అంచు. అక్కడ వేలు కొంచెం తెగింది, కంగారుపడకు.

కళ్లు ఎలాగూ మూసుకునే ఉన్నాను కదా అని, నాన్న చివరి మూడేళ్ల బొమ్మల డబ్బా తెచ్చి నేల మీద పరిచాను. ఎవరూ కట్టని ఇళ్లు, ఎవరూ అడగని బడి, ఒక ఆసుపత్రి. వాటిని పాఠంగా నేను ఎన్నోసార్లు చెప్పాను. వేలితో ఎప్పుడూ చూడలేదు. నువ్వు చెప్పింది నిజం, ప్రతి గోడా వేలికి తగులుతోంది. ద్వారం దగ్గర గోడ ఆగుతోంది. లోపలికి వెళ్లాను. మెట్లు వచ్చాయి. ఎక్కుతుంటే పక్కనే ఇంకో గీత తగిలింది, మెట్ల వెంబడే, కుడివైపు. ఆ బొమ్మలో అక్కడ గీత లేదని నాకు కంఠతా తెలుసు. పైకి చేరేముందు మూడు చుక్కలు, రెండు, ఒకటి.

ఆసుపత్రి బొమ్మలోనూ ఉంది. బడిలోనూ ఉంది. పదిహేడు బొమ్మల్లో మెట్లు ఉన్న ప్రతిచోటా ఉంది. వేలు పెట్టిన మనిషికి అది తెలియకపోవడం జరగదు బాబాయ్. అమ్మకు తెలుసు. అమ్మకు తెలుసని నాన్నకు తెలుసు. ఇద్దరూ సాయంత్రాలు ఆ కాగితాల మీద పక్కపక్కన చేతులు పెట్టుకుని కూర్చుని, ఏమీ తెలియనట్టు “బావుంది” అనుకున్నారు. నిన్ను మాత్రం ఎండలో గేటు దగ్గర నిలబెట్టి వెళ్లిపోయారు. ఆ నవ్వును ఇక ఫైలులో పెట్టుకోవచ్చు.

వచ్చే నెల సెలవు పెట్టి వస్తున్నాను. బొమ్మలు తెస్తాను. నీ వేలు కూడా పెట్టి చూడాలి.

ఆ గీత ఎలా ఉందో చూద్దామని కిటికీ దగ్గర నిలబడి, కాగితాన్ని వెలుతురుకు పట్టి కళ్లు తెరిచాను. ఇంకు లేని పెన్నుతో గీశాడు. తెల్ల కాగితం. అక్కడ ఏమీ లేదు.

నీ
స్కేలు